ఆరు రోజుల్లో ఐదు ఆటలు: సెవానీ జట్టు 1899 సీజన్ – ఒక ఫిజికల్ డైరెక్టర్ కేస్ స్టడీ

డిగ్రీ కళాశాలలో ఫిజికల్ డైరెక్టరుగా పనిచేయబట్టి ఇరవై రెండేళ్లయింది. ఈ ఉద్యోగంలో ఆట నేర్పే పని మూడో వంతు కూడా ఉండదు. మిగిలినదంతా రైలు టికెట్లు, టి.ఎ. బిల్లులు, ప్రిన్సిపాల్ సంతకాలు, పిల్లల తిండి, నిద్ర, బెణుకులు. చాలా పోటీల ఫలితం మైదానంలోకి దిగకముందే ఈ మిగిలిన పనిలో తేలిపోతుందని అనుభవం మీద తెలుసుకున్నాను. అందుకే కొత్తగా చేరిన పీడీలకు వరుస ఆటల భారం గురించి చెప్పవలసి వచ్చినప్పుడల్లా నేను తీసుకునే కేసు మన దేశానిది కాదు, మనం ఆడే ఆటా కాదు. అమెరికాలో టెనెసీ రాష్ట్రంలోని సెవానీ అనే కొండ ఊరిలో ఉన్న యూనివర్సిటీ ఆఫ్ ది సౌత్ జట్టు 1899లో ఆడిన ఫుట్‌బాల్ సీజన్ అది.

ముందుగా లెక్క చెబుతాను. ఆ ఏడాది అక్టోబరు 21 నుంచి డిసెంబరు 2 వరకు, అంటే 43 రోజుల్లో, ఆ జట్టు 12 ఆటలు ఆడి పన్నెండూ గెలిచింది. చేసిన పాయింట్లు 322, ఇచ్చినవి 10. ఆ పదీ ఒకే ఆటలో ఒకే జట్టుకు ఇచ్చినవి. వీటిలో ఐదు ఆటలు నవంబరు 9 నుంచి 14 వరకు, ఆరు రోజుల వ్యవధిలో, ఐదు వేర్వేరు ఊళ్లలో జరిగాయి. రైలు మీద తిరిగిన దూరం సుమారు 2,500 మైళ్లు, అంటే 4,000 కిలోమీటర్లు. కన్యాకుమారి నుంచి జమ్మూ వరకు పోయే రైలు దారి కన్నా ఎక్కువే. ఆ ఐదు ఆటల్లో ఎదుటివారికి ఒక్క పాయింటు కూడా దక్కలేదు.

ఈ సంగతి చెప్పేవారు సాధారణంగా ఆ జట్టుకు వచ్చిన ‘ఉక్కు మనుషులు’ అన్న పేరు దగ్గర మొదలుపెట్టి అక్కడే ఆపేస్తారు. కుర్రాళ్ల గుండె ధైర్యాన్ని నేనూ కాదనను. అయితే వృత్తిరీత్యా ఈ కేసులో నాకు కనిపించేవి వేరే రెండు. ఒకటి, ఆ ప్రయాణంలోని విజయానికి సగం కారణం ఆటల వరుసలోనూ, సామాన్ల పెట్టెలోనూ ఉంది. రెండు, ఆ ఆరు రోజుల ఖర్చు ఆ ఆరు రోజుల్లో కనిపించలేదు. ఒకరి ఒంటి మీద చాలాకాలం తర్వాత కనిపించింది.

ఆట స్వరూపం

మన పాఠకులకు ఫుట్‌బాల్ అంటే సాకర్. ఇక్కడ మాట్లాడుతున్నది కోలబంతిని చేతపట్టుకుని ఎదుటివారి గీత దాటించే అమెరికన్ ఫుట్‌బాల్. అందులోనూ ఈనాడు టీవీలో చూసేది కాదు. 1899 నాటికి బంతిని ముందుకు విసరడం నిషిద్ధం. ఆ అనుమతి 1906లో గానీ రాలేదు. కాబట్టి బంతి పట్టినవాడు ఎదుటివారి గుంపులోకి చొరబడాలి, లేదా పక్కనుంచి చుట్టి పరుగెత్తాలి, లేదా కాలితో దూరంగా తన్నేయాలి. మూడు ప్రయత్నాల్లో ఐదు గజాలు ముందుకు పోతే బంతి తమ దగ్గరే ఉంటుంది, లేకపోతే ఎదుటివారికి పోతుంది. మైదానం పొడవు 110 గజాలు. గీత దాటిస్తే 5 పాయింట్లు, ఆ తర్వాత కొట్టే తన్ను గోల్ కర్రల మధ్య నుంచి పోతే మరొకటి. ఆట నడుస్తుండగా నేరుగా తన్ని గోల్ చేసినా 5 పాయింట్లే.

కబడ్డీ తెలిసినవారికి ఒక పోలిక చెబితే సులువుగా అర్థమవుతుంది. రైడరును నలుగురు కలిసి పట్టి పడేసే క్షణం ఉంటుంది కదా, ఆ క్షణమే ఆట మొత్తం పరుచుకుని, రెండు వైపులా పదకొండేసి మంది ఒకరి మీద ఒకరు పడుతూ ఉంటే ఆనాటి ఫుట్‌బాల్ అలా ఉండేది. బంతి పట్టినవాడిని సొంత జట్టువాళ్లే వెనకనుంచి తోయవచ్చు, ముందునుంచి లాగవచ్చు. తలకు శిరస్త్రాణం తప్పనిసరి కాదు. నిబంధనల ప్రకారం ఒక్కో సగం 35 నిమిషాలు. కెప్టెన్లు ఒప్పుకుంటే తగ్గించుకోవచ్చు. నా దృష్టిలో అన్నిటికన్నా ముఖ్యమైన నిబంధన మరొకటుంది. ఒకసారి బయటికి వెళ్లిన ఆటగాడు ఆ ఆటలోకి తిరిగి రాకూడదు. దెబ్బ తగిలితే పది నిమిషాలు కూర్చోబెట్టి, ఐసు పెట్టి, చూసి మళ్లీ దింపే వీలు శిక్షకుడికి లేదన్నమాట. ఉంటే పూర్తిగా ఉండాలి, పోతే పూర్తిగా పోవాలి. అలాంటి నిబంధన కింద దెబ్బ దాచుకోవడం ఆటగాడికి అలవాటుగా మారడంలో వింత లేదు.

ప్రయాణం ఎందుకు పెట్టుకున్నారు

యూనివర్సిటీ ఆఫ్ ది సౌత్ ఎపిస్కోపల్ చర్చి బిషప్పులు 1857లో స్థాపించిన విద్యాసంస్థ. అంతర్యుద్ధం మూలంగా తరగతులు మొదలయ్యే సరికి 1868 వచ్చింది. కంబర్‌ల్యాండ్ పీఠభూమి మీద, సముద్రమట్టానికి రెండు వేల అడుగుల ఎత్తున, అడవి మధ్యలో ఉంటుంది. విద్యార్థులు కొన్ని వందలే. చిన్న ఊరు కాబట్టి సొంత మైదానంలో ఎంత పెద్ద ఆట పెట్టినా టికెట్ డబ్బు పెద్దగా రాలదు. జట్టు ఖర్చులకు ఆధారం నాష్‌విల్‌లోని వాండర్‌బిల్ట్ విశ్వవిద్యాలయంతో ఏటా ఆడే ఆట. ఆ ఏడాది గేటు రాబడి పంపకంలో ఇద్దరికీ పేచీ వచ్చి ఆ ఆట రద్దయింది. ఆ లోటు పూడ్చడానికి జట్టు మేనేజరు తలపెట్టినదే ఈ యాత్ర.

ఆ మేనేజరు పేరు లూక్ లీ. అప్పటికి అతడూ విద్యార్థే, ఇరవై ఏళ్లవాడు. తర్వాతి కాలంలో నాష్‌విల్‌లో ‘టెనెసియన్’ పత్రికను స్థాపించాడు, 1911లో అమెరికా సెనేట్‌కు వెళ్లాడు, మొదటి ప్రపంచ యుద్ధం ముగిశాక 1919 జనవరిలో కొందరు సైనికులను వెంటబెట్టుకుని హాలెండులో తలదాచుకున్న జర్మనీ చక్రవర్తి కైజర్‌ను పట్టి తేవడానికి బయలుదేరాడు. కైజర్ దొరకలేదు గానీ మనిషి తత్వం తెలుస్తుంది. ఇలాంటివాడికి ఐదు ఊళ్ల విశ్వవిద్యాలయాలకు ఉత్తరాలు రాసి, తేదీలు కుదిర్చి, రైలు వేళలతో అతికించడం పెద్ద పని అనిపించి ఉండదు. శిక్షకుడు బిల్లీ సూటర్ ప్రిన్‌స్టన్‌లో ఆడి వచ్చినవాడు. కెప్టెన్ హెన్రీ సీబెల్స్ అలబామా కుర్రాడు. అతడి ముద్దుపేరు ‘డిడ్డీ’.

యాత్రకు ముందే ఆ జట్టు నాలుగు ఆటలు ఆడింది. ఇక్కడి నుంచి వచ్చే రాష్ట్రాల పేర్లు, ఊళ్ల పేర్లు అక్కడి విద్యాసంస్థల జట్లవని గుర్తుంచుకోవాలి. అట్లాంటాలో ఒక్క రోజు ఎడంతో జార్జియాను 12–0, జార్జియా టెక్‌ను 32–0 ఓడించింది. సొంత ఊరిలో టెనెసీపై 46–0, సౌత్‌వెస్టర్న్ ప్రెస్బిటేరియన్‌పై 54–0 గెలిచింది. చివరి దాని తేదీ నవంబరు 3. అక్కడి నుంచి యాత్రలో మొదటిదైన టెక్సస్ ఆటకు ఆరు రోజుల ఎడం ఉంది. ఆ ఆరు రోజులూ ఈ కేసులో కీలకం. అలసిన జట్టును రైలెక్కించలేదు, ఒంటికి పదును వచ్చి విశ్రాంతి తీసుకున్న జట్టును ఎక్కించారు.

రైలు, నీళ్ల పీపాలు, బూట్లు

నవంబరు 7 మంగళవారం బయలుదేరారు. కొండ మీది నుంచి కోవన్ జంక్షన్‌కు దిగే చిన్న శాఖా రైలును అక్కడివారు ‘కొండ మేక’ అంటారు. దాని మీద కిందికి దిగి, అక్కడి నుంచి పడక సౌకర్యం ఉన్న ప్రత్యేక బోగీలో ప్రయాణం సాగించారు. ఆటగాళ్లు ఇరవై పైచిలుకు మంది. వారితో పాటు సెవానీ ఊట నీరు నింపిన పీపాలు కూడా బోగీలోకి ఎక్కాయి. 1899లో టెక్సస్, లూసియానాల్లో ఊరూరా దొరికే నీళ్లు తాగించి ఆటగాళ్ల కడుపు చెడగొట్టుకోవడం కన్నా ఇంటి నీళ్లు మోసుకుపోవడం మేలన్న ఆలోచన ఎవరిదో గానీ, వారిని నేను మనసారా మెచ్చుకుంటాను. బయటి పోటీల్లో నేను పోగొట్టుకున్న ఆటలను లెక్కవేస్తే బెణుకుల వల్ల పోయినవాటికన్నా విరేచనాల వల్ల పోయినవే ఎక్కువ తేలతాయి.

అంత ముందుచూపున్న మేనేజరు బూట్ల సంగతి మాత్రం మరిచాడు. రైలు కదిలిపోయాక చూసుకుంటే ఆటగాళ్ల బూట్లు సెవానీ స్టేషన్‌లోనే ఉండిపోయాయి. అవి అడుగున పట్టు కోసం గట్టి తోలు ముక్కలు కొట్టించి, ఒక్కొక్కరి పాదానికి అలవాటుపడిన బూట్లు. ఆస్టిన్‌లో అంగడికి వెళ్లి కొని తొడిగితే రెండో ఆటకల్లా బొబ్బలు లేస్తాయి. తంతి కొట్టి, వెనక వచ్చే రైలులో వాటిని తెప్పించి, ఆట వేళకు అందేట్టు చేశారు. కొత్త పీడీలకు ఈ ఘట్టం దగ్గర కాసేపు ఆగుతాను. జాబితా రాసుకోవడం, బోగీ ఎక్కేముందు ఆ జాబితా ప్రకారం ఒక్కో సంచినీ చేత్తో ముట్టి చూడడం అనే పనిని ఎవరికీ అప్పగించకూడదని నా నియమం. సెనేటరు కాబోయేవాడే మరిచినప్పుడు మనం మరవమని నమ్మకమేమిటి?

ఆ బోగీలో ఇంకొకరున్నారు. ఒళ్లు పట్టడానికి నియమించిన కాల్ బరోస్ అనే నల్లజాతి ఉద్యోగి ఆయన. ఆట ముగిసి రైలు కదిలాక రాత్రంతా కండరాలు మర్దన చేసి మర్నాటికి సిద్ధం చేసే పని ఆయనది. వర్ణ వివక్ష చట్టాలు బిగుసుకుంటున్న కాలంలో, దక్షిణాది జట్టులో, మైదానంలోకి అడుగుపెట్టే అర్హత లేని ఒక మనిషి చేతుల మీదుగా ఈ ‘ఉక్కు’ తయారైంది. జట్టు గురించి రాసేవారు ఆయనకు ఒక వాక్యం మించి కేటాయించరు. నా దగ్గరున్న వివరాలతో నేనూ అంతకన్నా పెద్దగా చేయలేకపోతున్నాను. అయినా ఫిజియోథెరపీ అనే మాట లేని రోజుల్లో ఆ పని చేసినవారి పేరు తలవకుండా ఈ కేసును ముందుకు నడపడం నాకు ఇష్టం లేదు.

ఐదు ఆటల వరుస

నవంబరు 9 గురువారం ఆస్టిన్‌లో టెక్సస్‌తో ఆట. ఆ సీజన్‌లో టెక్సస్ రెండే ఆటలు ఓడింది. అందులో ఇది ఒకటి, స్కోరు 12–0. రెండుసార్లూ గీత దాటించింది సీబెల్సే. ఆ ఆటలోనే అతడి తల చీరుకుపోయి నెత్తురు కారింది. అంటుకునే పట్టీ వేసి ఆడాడు తప్ప బయటికి రాలేదు. ముందు చెప్పిన నిబంధన గుర్తుంటే అతడి ముందున్న ఎంపిక ఎంత ఇరుకైనదో అర్థమవుతుంది.

ఆ రాత్రి సుమారు 265 కిలోమీటర్లు ప్రయాణించి, మర్నాడు శుక్రవారం హ్యూస్టన్‌లో టెక్సస్ ఎ అండ్ ఎమ్‌ను 10–0తో ఓడించారు. అక్కడి నుంచి న్యూ ఆర్లియన్స్‌కు 560 కిలోమీటర్లు, అంటే హైదరాబాదు నుంచి తిరుపతికి ఉన్నంత దూరం. శుక్రవారం సాయంత్రం ఆట ముగించి, ఆ దూరం రాత్రికి రాత్రి రైలులో దాటి, శనివారం టులేన్‌పై 23–0 గెలిచారు. ఆదివారం ఆట లేదు. చర్చి విశ్వవిద్యాలయం కాబట్టి ఆదివారం ఆడే ప్రసక్తే లేదు. ఆ రోజు కుర్రాళ్లు ఒక చెరకు తోట చూడడానికి వెళ్లారు. సోమవారం బాటన్ రూజ్‌లో లూసియానా స్టేట్ యూనివర్సిటీ (ఎల్‌ఎస్‌యూ)పై 34–0. మళ్లీ రాత్రంతా ఉత్తరంగా ప్రయాణం చేసి, మంగళవారం మెంఫిస్‌లో మిసిసిపీ విశ్వవిద్యాలయంపై 12–0. మొత్తం 91 పాయింట్లు, ఇచ్చింది సున్నా.

ఈ వరుసను కాగితం మీద పెట్టి చూస్తే ఒక సంగతి తెలుస్తుంది. బలమైన జట్టు మొదటి రోజునే తగిలింది. టెక్సస్, టెక్సస్ ఎ అండ్ ఎమ్ రెండూ ఆ ఏడాది ఓడినవాటికన్నా ఎక్కువ గెలిచిన జట్లు. వాటితో ఆడేనాటికి సెవానీ ఒంట్లో సత్తువ నిండుగా ఉంది. మధ్యలో వచ్చిన టులేన్ ఆ సీజన్ మొత్తంలో ఒక్క ఆటా గెలవలేదు. ఎల్‌ఎస్‌యూ గెలిచింది ఒక్కటే. సరిగ్గా అలసట పేరుకునే మూడు, నాలుగు ఆటల దగ్గర బలహీనమైన జట్లు వచ్చాయి, వాటి మధ్య ఆదివారం విరామం కూడా పడింది. ఐదో ఆటలో పాయింట్లు మళ్లీ 12కు దిగాయి. ఎదుటి జట్టు మెరుగైనది కావడం, కాళ్లు బరువెక్కడం రెండూ అందుకు కారణమై ఉండవచ్చు. లీ ఇదంతా లెక్కగట్టి పెట్టాడని నేను అనను. రైలు దారి పశ్చిమం నుంచి తూర్పుకు, అక్కడి నుంచి ఉత్తరానికి తిరిగింది కాబట్టి ఊళ్లు ఆ వరుసలో వచ్చాయి. అయితే అదృష్టం కొద్దీ కుదిరినదాన్ని చూసి బుద్ధిపూర్వకంగా కుదుర్చుకోవడం నేర్చుకోవడమే కేసు చదవడంలోని ప్రయోజనం.

అలసిన జట్టు ముందుగా కోల్పోయేది దాడి చేసే శక్తి కాదు, ఎదుటివాడిని ఆపే శక్తి. పట్టు జారుతుంది, స్పందన అర సెకను ఆలస్యమవుతుంది. ఐదు ఆటల్లో సున్నా పాయింట్లు ఇవ్వడం అందుకే 91 పాయింట్లు చేయడం కన్నా నాకు ఎక్కువ ఆశ్చర్యం కలిగిస్తుంది. దీనికి ఒక సాంకేతిక కారణం ఉందని నా నమ్మకం. ఫుల్‌బ్యాక్‌గా, అంటే వెనక వరుసలో, ఆడిన ఆర్మండ్ సిమ్‌కిన్స్ ఆ కాలపు దక్షిణాదిలో పేరుపొందిన కిక్కరు. ఇరుకున పడ్డప్పుడు గుంపులోకి చొరబడి ఒళ్లు హూనం చేసుకోకుండా, మొదటి ప్రయత్నంలోనో రెండో ప్రయత్నంలోనో బంతిని ఎదుటివారి గీత దగ్గరికి తన్నేసి, వాళ్లనే 110 గజాల మైదానం మొత్తం ఐదేసి గజాలుగా తవ్వుకుంటూ రమ్మనడం ఆనాడు తెలివైన ఆట. మంచి కిక్కరు ఒకడుంటే మిగిలిన పదిమందికి ఊపిరి దొరుకుతుంది.

నా అనుభవంలోని ఒక ప్రయాణం

ఇక్కడ నా తప్పు ఒకటి చెప్పుకోవాలి. కొన్నేళ్ల క్రితం అంతర విశ్వవిద్యాలయ కబడ్డీ పోటీలకు జట్టును తీసుకువెళ్లాను. టికెట్లు ఆలస్యంగా తీసినందున పన్నెండు మందిలో ఐదుగురికే బెర్తులు ఖాయమయ్యాయి. మిగిలినవారు తలుపు దగ్గర, బాత్‌రూముల పక్కన వార్తాపత్రికలు పరుచుకుని రాత్రి గడిపారు. బెర్తులు ఎవరికి ఇవ్వాలన్న ప్రశ్న వచ్చినప్పుడు సీనియర్లకు ఇచ్చాను. మర్నాడు మొదటి ఆటలో ఎక్కువసేపు ఆడవలసిన ఇద్దరు రైడర్లు జూనియర్లు. మొదటి రోజు గెలిచాం, రెండో రోజూ గెలిచాం. రెండో ఆట చివరలో ప్రధాన రైడరు చీలమండ తిరగబడింది. రాత్రి బసలో చూశాను. వాపు గుడ్డు ప్రమాణంలో ఉంది, బొటనవేలితో నొక్కితే గుంట పడి నెమ్మదిగా నిండుతోంది. క్రేప్ బ్యాండేజి కట్టాను. పొద్దున “సార్, తగ్గింది, ఆడతాను” అన్నాడు. నడిపించి చూస్తే కుంటు కనిపించలేదు. కనిపించకుండా నడవడానికి వాడెంత కష్టపడుతున్నాడో చూడడం నా పని, నేను చూడదలుచుకోలేదు. మూడో రోజు క్వార్టర్ ఫైనల్లో ఓడిపోయాం. ఆ కుర్రాడికి చీలమండ ఆ తర్వాత రెండేళ్లు మాటిమాటికీ తిరగబడుతూనే ఉంది.

సెవానీ జట్టుకు పడక బోగీ ఉంది, ఊట నీరు ఉంది, ఒళ్లు పట్టే మనిషి ఉన్నాడు. 120 ఏళ్ల తర్వాత నా జట్టుకు ఈ మూడింటిలో ఒక్కటీ లేదు. వారి యాత్రను చూసి నేను మొదట సిగ్గుపడింది ధైర్యం విషయంలో కాదు, బెర్తుల విషయంలో. అప్పటి నుంచి ఎవరు ఎక్కువసేపు ఆడతారో వారికే కింది బెర్తు అన్న పద్ధతి పెట్టుకున్నాను. ఆ సంగతి ప్రయాణానికి ముందే సీనియర్లకు చెప్పి ఒప్పిస్తాను.

సీజన్ చివర

యాత్ర ముగిసిన ఆరు రోజులకు సెవానీ సొంత ఊరిలో కంబర్‌ల్యాండ్‌ను 71–0తో ఓడించింది. 1916లో జార్జియా టెక్ చేతిలో 222–0తో ఓడి చరిత్రకెక్కిన కంబర్‌ల్యాండ్ ఇదే. 1899 నాటికి వారికి ఇంకా ముందున్నది తెలియదు. ఆ 1916 ఆటలో టెక్‌కు శిక్షకుడుగా ఉండబోయే జాన్ హైస్‌మన్, ఈ 1899 సీజన్‌లో ఆబర్న్ జట్టుకు శిక్షకుడు. నేటికీ అమెరికా కళాశాల ఫుట్‌బాల్‌లో అత్యుత్తమ ఆటగాడికిచ్చే బహుమతి ఆయన పేరు మీదే ఉంది.

నవంబరు 30న, థ్యాంక్స్‌గివింగ్ రోజున, మాంట్‌గోమరీలో ఆబర్న్‌తో ఆట. ఎదుటివారు సర్దుకునేలోగా ఎత్తు వెంట ఎత్తు మొదలుపెట్టి, ఊపిరి తీసుకోనీయకుండా ఆడించడం హైస్‌మన్ పద్ధతి. సెవానీ మీద ఆ సీజన్ మొత్తంలో పాయింట్లు చేయగలిగింది ఆయన జట్టొక్కటే. స్కోరు 11–10. ఒక్క పాయింటు తేడాతో సెవానీ గట్టెక్కింది. అంపైరింగ్ గురించి హైస్‌మన్ తర్వాత పత్రికల్లో ఫిర్యాదు చేశాడు. డిసెంబరు 2న, మధ్యలో ఒక్క రోజు ఎడంతో, అట్లాంటాలో నార్త్ కరోలినాపై 5–0తో గెలిచి సీజన్ ముగించారు. ఆ ఐదు పాయింట్లూ సిమ్‌కిన్స్ కాలి నుంచి వచ్చినవే.

ఈ చివరి రెండు ఆటలను చూసి, ఆరు రోజుల అలసట అప్పటికి బయటపడిందని నిర్ధారించడానికి నాకు మనసొప్పదు. రెండు వారాలకు పైగా గడిచాయి. కంబర్‌ల్యాండ్ మీద 71 పాయింట్లు చేసిన కాళ్లు పది రోజుల తర్వాత ఉన్నట్టుండి మొద్దుబారవు. ఆబర్న్ బలమైన జట్టు, దాని శిక్షకుడు దిట్ట. సాదా కారణం చాలినప్పుడు గూఢమైనది వెతకనక్కరలేదు. అయితే శిక్షణ తరగతిలో ఎప్పుడూ ఎవరో ఒకరు లేచి, “చూశారా సార్, వరుస ఆటలు ఆడినా ఏమీ కాలేదు” అంటారు. ఆ మాటకు జవాబు ఆబర్న్ స్కోరులో లేదు, సిమ్‌కిన్స్ మోకాళ్లలో ఉంది.

సిమ్‌కిన్స్ మోకాళ్లు

సిమ్‌కిన్స్ మోకాళ్లకు బరువైన లోహపు పట్టీలు బిగించుకుని ఆడేవాడు. అంటే మోకాళ్లు చెడ్డాయన్న సంగతి అతడికి తెలుసు, జట్టుకు తెలుసు, చూసేవారికీ తెలుసు. బంతి తన్నడానికి ఆధారంగా నిలిచే కాలి మీద మోకాలి కీలు ప్రతిసారీ మెలిక తిరుగుతుంది. గుంపులోకి చొరబడినప్పుడు పక్కనుంచి పడే బరువు ఆ కీలు మీదే పడుతుంది. కీలు వదులైనప్పుడు పట్టీ దాన్ని నిలబెడుతుంది గానీ బాగుచేయదు. లోపల మృదులాస్థి అరిగే పని అరుగుతూనే ఉంటుంది. పట్టీ వల్ల నొప్పి కాస్త తగ్గి, ఇంకా ఎక్కువ అరగడానికి వీలు కలుగుతుంది. నేటి కళాశాల వైద్యుడెవరూ అలాంటి మోకాళ్లతో ఆరు రోజుల్లో ఐదు ఆటలకు అనుమతి రాయడు. ఆ గాయాల మూలంగా తర్వాతి జీవితంలో అతడికి అంగచ్ఛేదం చేయవలసి వచ్చింది.

కెప్టెన్ సీబెల్స్ పేరు 1973లో కళాశాల ఫుట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేరింది. తల మీద చీలిన చర్మం అతుక్కుంటుంది. మోకాలి మృదులాస్థి అతుక్కోదు. ఒకే బోగీలో ప్రయాణించి, ఒకే నీళ్లు తాగి, ఒకే మనిషి చేత మర్దన చేయించుకున్న ఇద్దరికి రెండు వేర్వేరు ఫలితాలు రావడానికి ధైర్యంలో తేడా కారణం కాదు, దెబ్బ తగిలిన చోటు కారణం. గాయాన్ని అంచనా వేసేటప్పుడు నెత్తురు చూసి భయపడి, వాపు చూసి తేలికగా తీసుకోవడం మన మైదానాల్లోనూ రోజూ జరిగేదే.

ఆ ఆట ఆ రూపంలో ఎక్కువకాలం సాగలేదు. గుంపుగా తొక్కే ఎత్తుల వల్ల ఏటా ఆటగాళ్లు చనిపోతూ ఉంటే, 1905 అక్టోబరులో అధ్యక్షుడు థియొడోర్ రూజ్‌వెల్ట్ హార్వర్డ్, యేల్, ప్రిన్‌స్టన్ ప్రతినిధులను వైట్‌హౌస్‌కు పిలిపించి మాట్లాడాడు. 1906 నుంచి బంతిని ముందుకు విసరడానికి అనుమతి వచ్చింది. ఐదు గజాలకు బదులు పది గజాలు పోవాలన్న నియమం రావడంతో ప్రతిసారీ గుంపులోకి చొరబడడం గిట్టుబాటు కాకుండా పోయింది. అమెరికాలో కళాశాల క్రీడలను నడిపే ఈనాటి జాతీయ సంఘం ఎన్‌సీఏఏకు మూలమైన సంఘం పుట్టింది కూడా ఆ కలతలోంచే. సెవానీ 1932లో ఆగ్నేయ విశ్వవిద్యాలయాల కూటమి ఎస్‌ఈసీలో వ్యవస్థాపక సభ్యురాలిగా చేరి, అందులో ఒక్క లీగ్ ఆటా గెలవకుండానే 1940లో బయటికి వచ్చింది. ఒకనాడు వరుసగా ఓడించిన టులేన్, ఎల్‌ఎస్‌యూ, మిసిసిపీ అదే కూటమిలో పెద్ద జట్లయ్యాయి.

తరగతిలో ఈ కేసు చెప్పడం అయ్యాక నేను రెండు కాగితాలు పంచుతాను. ఒకదానిలో యాత్ర తేదీలు, ఊళ్లు, దూరాలు ఉంటాయి. అదే ఐదు ఆటలను తమకు నచ్చిన వరుసలో, కావలసినన్ని విరామ దినాలతో మళ్లీ అమర్చమంటాను. చాలామంది టెక్సస్‌ను మధ్యలోకి తెస్తారు, ఎందుకని అడిగితే వేడెక్కడానికి మొదట చిన్న జట్టు ఉండాలంటారు. దానిమీద గంట సేపు వాదన నడుస్తుంది. రెండో కాగితంలో ఒక్కటే ప్రశ్న: నవంబరు 9 పొద్దున ఆస్టిన్‌లో బోగీ దిగి సిమ్‌కిన్స్ పట్టీలు బిగించుకుంటున్నాడు, మీరు సూటర్ స్థానంలో ఉన్నారు, జట్టులో అతడికి సాటి కిక్కరు మరొకడు లేడు, ఏం చేస్తారు? కింద సంతకం పెట్టాలి. మొదటి కాగితం అందరూ నింపి ఇస్తారు. రెండోది సగం మంది ఖాళీగా మడిచి జేబులో పెట్టుకుని వెళ్లిపోతారు.